మాట నడుమ తిట్టు

మా మామ పోయారు. కర్మాంతరం ముగించుకుని హిందూపురం చుట్టాలు నిన్న సాయంత్రం బండెక్కారు. ఇల్లు కడిగి, పాత్రలు బోర్లించి, ఇప్పుడే కూర్చున్నాను. ఐదో తరగతితో ఆగినదాన్ని, రాయడం అలవాటు లేదు. కానీ వచ్చినవాళ్లలో కొందరు ఆయనది చెడ్డ నోరని గొణుక్కుంటూ పోయారు. అది మింగుడుపడక రాస్తున్నాను.

మామ ధర్మవరం జంక్షనులో రైలింజనుకు బొగ్గు వేసేవారు. తెల్లవాళ్ల కాలంలో ఆ ఇంజను నడిపింది ఒక దొర. విసుగొస్తే ఆయన ఇంగ్లీషు మాటను మధ్యకు విరిచి, అందులో ‘బ్లడీ’ అనే తిట్టు దూర్చేవాడట. ‘అబ్సోల్యూట్లీ’ కాస్తా ‘అబ్సో-బ్లడీ-ల్యూట్లీ’ అయ్యేది. దొర ఓడెక్కి పోయాడు. అలవాటు మామకు మిగిలింది.

నేను కాపురానికి వచ్చిన రోజు, తలుపు చాటున నిలబడి ఉంటే అడిగారు.

“ఏమమ్మా, పెను-బ్లడీ-కొండ నుంచి వచ్చినావు, అన్నం తింటివా?”

మా ఊరికి ఇంగ్లీషులో అదే పేరేమో అనుకున్నాను. అత్త వంటింట్లోంచి అరిచింది.

“నీ నోట్లో మన్ను పొయ్య! కొత్త కోడలి ముందరా?”

“నేను మనిషిని తిట్నానా? తిట్టు ముందర పెడితే మనిషికి తగుల్తాది. నడుమ పెడితే మాటకే తగుల్తాది. మాటకు నొప్పేముండాదే?”

నిజమే, ఆయన ఏ మనిషినీ తిట్టగా నేను వినలేదు. ఒకసారి సంగటి మాడ్చేశాను. “సం-బ్లడీ-గటి మాడింది” అన్నారు. అంతా తిని, ఇంకో ముద్ద పెట్టమన్నారు.

పోయిన ఎండాకాలం పక్షవాతం వచ్చింది. కుడి పక్క పడిపోయింది, మాటలన్నీ పోయాయి. ఆ తిట్టొక్కటే మిగిలింది. ఏనాడూ ఎదురుగా నిలబడనిదాన్ని, తల ఒడిలో పెట్టుకుని గంజి పోశాను. ఆ తిట్టే మెల్లగా అంటే దాహం. గట్టిగా అంటే పక్కకు తిప్పమని. తిప్పి తిప్పి నా నడుము పడిపోయేది.

అత్త దిగులు వేరు. “ప్రాణం పోయేటప్పుడు నారాయణ అనకుంటే ఎట్లమ్మా? ఆ తిట్టుతోనే పోతాడా?” రోజూ మంచం పక్కన కూర్చుని బతిమాలేది. “ఒక్కతూరి నారాయణ అనయ్యా.” ఆయన పెదవులు వణికేవి, నుదురు చెమర్చేది. చివరికి వచ్చేది అదే మాట. అత్త కొంగుతో మొహం కప్పుకునేది. ఎవరిని చూసి జాలిపడాలో నాకు తెలిసేది కాదు.

ఆయన పోయిన రోజు పొద్దున శ్వాస బరువైంది. అత్త తులసి నీళ్లు తెచ్చింది. ఆమెకూ ఓపిక అయిపోయింది. “నారా...” అని మధ్యలోనే ఆగిపోయింది.

మామ ఆమె వైపు చూశారు.

“నారా...” అన్నారు. మేం ఊపిరి బిగబట్టాం. “...బ్లడీ...” అత్త కళ్లు మూసుకుంది. ఎంతోసేపటికి, ఒక ఊపిరంతా ఖర్చుపెట్టి, “...యణ” అన్నారు.

అత్త నా చెయ్యి పట్టుకుంది. “అన్నాడు కదమ్మా? నువ్వూ విన్నావు కదా?”

మామ ముందర గొంతెత్తి మాట్లాడటం నాకు అదే మొదలు. “అన్నారత్తా. పూర్తిగా అన్నారు.”

ఆమె తులసి నీళ్లు పోసింది. సగం లోపలికి పోయాయి, సగం గడ్డం మీదుగా దిండులోకి జారాయి. ఆ తడిని బొటనవేలితో తుడుస్తూ, చంటిబిడ్డకు చెప్పినట్టు, “చాలు, ఇంక చాలు” అంటూనే ఉంది.