కమిషనర్ గారొస్తున్నారని ఏరు చదును చేసిన ఊరు

మా మేనత్త ప్రభుత్వం మీద కేసు వేసింది పప్పు ఉడకక. కోర్టు కాగితాల్లో ఈ ముక్క ఉండదు. అక్కడ పర్యావరణం, భూగర్భజలాలు, జీవించే హక్కు లాంటి పెద్దమనుషులు కూర్చుని ఉంటారు. ఏలూరుకు ఎగువన తమ్మిలేటి గట్టున ఆవిడ ఊరు. పెరట్లో బావి ఆ వీధి మొత్తానికీ తాగునీరు. ఏట్లోకి యంత్రాలు దిగి ఇసుక తవ్వడం మొదలయ్యాక ఆ బావి ఎండింది. బోరు నీళ్ళేమో ఉప్పన. వాటిలో కందిపప్పు పొద్దున పొయ్యి మీద పెడితే సాయంత్రానికి గోళీల్లా ఇంకాస్త గట్టిపడేది.

ఇసుక తవ్వలేదు, పూడిక తీశామంతే అని ప్రభుత్వం తరఫు జవాబు. ఆ పూడిక తీసిన గోతులు నేను చూశాను. ఏనుగు మీద ఏనుగు నిలబడినా పైదాని తొండం బయటికి రాదు. ఒకదాంట్లోకి తొంగి చూస్తే అవతలి దేశం వాళ్ళు టిఫిన్లు చేస్తూ కనిపించారు.

ఎవరి మాట నిజమో చూసి రమ్మని కోర్టు ఒక లాయరమ్మ గారిని కమిషనర్‌గా వేసింది. తాడేపల్లిగూడెం ఆవిడ. శనివారం వస్తున్నారని కబురందింది. ఇంకేముంది, మా పశ్చిమ జిల్లా మర్యాద నిద్ర లేచింది. చర్చి అరుగు మీద పెద్దలు కూర్చుని తర్జనభర్జన పడ్డారు. కోర్టు మనిషి మన ఏట్లో కాలు జారి పడితే ఊరి పరువేం కావాలి? పెదపాడు నుంచి బ్లేడు ట్రాక్టర్లు వచ్చాయి. శుక్రవారం పొద్దుగూకే లోపు గోతులన్నీ పూడ్చి, లారీల బాట చదును చేసి, ఇసుక మీద నీళ్ళు చల్లి ముగ్గులు కూడా పెట్టేశారు. గట్టున షామియానా లేచింది. ఆకివీడు నుంచి తెప్పించిన కొర్రమీను గంగాళంలో పట్టక, తోక నేల మీద ఆనించి కూర్చుంది.

శనివారం ఉదయం మా తరఫు లాయరు గారు వచ్చి, ఏటిని ఒక్కసారి చూసి కుర్చీలో కూలబడ్డారు. ప్రభుత్వం తరఫు లాయరు గారు మాత్రం ముగ్గు తొక్కకుండా జాగ్రత్తగా నడుస్తూ, ఇంత శుభ్రమైన ఏరు జిల్లాలో ఎక్కడా చూడలేదని మెచ్చుకున్నారు. మావాళ్ళు సంతోషించారు కూడా.

కమిషనర్ గారు టేపు పట్టుకుని అటూ ఇటూ చూశారు.

"గోతులెక్కడండీ?"

ఊరంతా షామియానా గుంజల్ని పరిశీలించింది. చివరికి అత్తే ముందుకొచ్చింది.

"పూడ్చేశామండీ."

"ఎందుకండీ?"

"మీరొస్తున్నారని."

ఆవిడ నవ్వలేదు. కోర్టు పని మీద వచ్చినవాళ్ళు నవ్వకూడదని రూలేదో ఉండాలి. లేని గోతిని కొలవలేనని, చూసింది చూసినట్టే రాయాలని మెత్తగా చెప్పారు. అంటే కేసు పోయినట్టే, బావీ పోయినట్టే. మా లాయరు గారు కళ్ళు మూసుకున్నారు.

అత్తకు ఆ అలవాటు లేదు. ఎండన పడి వచ్చారు, కాసిని మంచినీళ్ళు తాగుదురు గాని రమ్మని ఆవిడను పెరట్లోకి తీసుకుపోయింది. వెనకే రెండు పక్షాలూ, ఊరూ. బావి దగ్గర చేద ఆవిడ చేతికిచ్చింది.

"చుట్టాల చేత నీళ్ళు తోడించడం మా ఇంటా వంటా లేదమ్మా. ఇవాల్టికి మీరే తోడుకోండి."

తాడు అయిపోయింది. గేదె పలుపు ముడేశారు. అదీ అయిపోయింది. షామియానా తాడు విప్పి ముడేస్తే అక్కడ షామియానా మా లాయరు గారి కుర్చీ మీదికి ఒరిగింది. ఆఖరికి ప్రభుత్వం తరఫు కారు డిక్కీలో ఉన్న తాడు కూడా తెచ్చి కలిపాక, అడుగున ఖణేల్‌మంది. చేదలో గుప్పెడు తడి మన్ను పైకొచ్చింది.

కమిషనర్ గారు ఆ మన్ను వేళ్ళతో నలిపి చూసి, తాడు నేల మీద పరిపించి కొలిచారు. ఉత్తర్వులో బావి మాట లేదని ప్రభుత్వం తరఫు లాయరు గారు గుర్తు చేశారు. ఏటి పక్కన ఏముందో చూడమని ఉందండీ అంటూ ఆవిడ రాసుకుపోయారు.

"మళ్ళీ నీళ్ళొస్తాయాండీ?" అత్త గొంతు అంత చిన్నదిగా నేనెప్పుడూ వినలేదు.

"అది నేను చెప్పలేనండీ. లేవని మాత్రం రాస్తాను."

కేసు తేలేదాకా యంత్రాలు దించొద్దని ఉత్తర్వు వచ్చింది. అది ఇంకా తేలలేదు. తనిఖీ ఎప్పుడో మా లాయరు గారు ఇప్పుడు ఊరికి చెప్పడం లేదు. మొన్నటి వానలకు తమ్మిలేరు కొల్లేటి దాకా నిండుగా పారింది. ఆ వారంలోనే అత్త ఫోను చేసి, పలకరింపైనా లేకుండా, ఫోనును బావి మీదికి పట్టి చేద వదిలింది. బుడుంగ్‌మంది. ఆ చప్పుడు ఏలూరులో మా వీధి వీధంతా విన్నదని కోర్టులో ప్రమాణం చేసి చెప్పగలను. పిలిస్తే.