చిల్లు పడ్డ పాలడబ్బాలు

కౌలాలంపూర్‌లో సెంతుల్ రైలు పట్టాల వెనక ఒక పాత బంగళా ఉండేది. కట్టించిన చీనా తౌకే, అంటే షావుకారు, వ్యాపారంలో చితికిపోయి ఊరొదిలాక చాలాకాలం దాంట్లో గబ్బిలాలే కాపురమున్నాయి. తర్వాత కమలాక్షి దిగింది. ఎక్కడో రబ్బరు తోట ఆఫీసులో కిరాణీ, అంటే గుమాస్తాగా చేసినాయన కూతురు. టీచరు చదువు చదివింది, పెళ్ళి మాటెత్తితే లేచి వెళ్ళిపోయే రకం. వస్తూనే గుమ్మం మీద సేవా నిలయం అని మూడు భాషల్లో బోర్డు రాయించింది. చుట్టూ రేకుల ఇళ్ళవాళ్ళకి ఏ భాషా చదవడం రాదు గనక వాళ్ళు దాన్ని పెద్దిల్లు అన్నారు.

పనికెళ్ళే తల్లుల పసివాళ్ళని పొద్దున చూసుకోవడం, సాయంత్రం పెద్దవాళ్ళకి అక్షరాలు దిద్దించడం, వారానికోసారి నర్సమ్మని పిలిపించడం, మధ్యలో మొగుడూ పెళ్ళాల తగువులు తీర్చడం: ఇదీ పెద్దింట్లో పని. మంచిదేగా అంటారు మీరు. పేటవాళ్ళు అలా అనలేదు. అడక్కుండా మేలు చేసేవాళ్ళని చూస్తే పేదవాడికి గుండెల్లో రాయి పడుతుంది. చదువుకున్న పిల్ల అప్పుడప్పుడూ వచ్చి పోతే సరే, మన కుళాయి దగ్గరే బిందె పట్టుకుని వరసలో నిలబడి మన మధ్యే కాపురముంటుందేమిటి? మతంలో కలపడానికి వచ్చిందని కొందరన్నారు, సర్కారు చెవి అని ఇంకొందరన్నారు. అది యాభై ఏడో సంవత్సరం. అడవిలోని కమ్యూనిస్టులకీ సర్కారుకీ పోరు మొదలై తొమ్మిదేళ్ళు. పక్కింటివాడు తుమ్మినా ఎవరికి సైగ చేశాడోనని చూసే రోజులు. అందుకని రైలు కూలీల పిల్లలు కొద్దిమందే వచ్చేవారు. మిగతావాళ్ళు పెద్దింటి ముందు తల దించుకుని పోయేవారు.

ఆ ఇంట్లో వంటకీ, పిల్లల్ని కనిపెట్టుకుని ఉండడానికీ చేరింది కూర్మమ్మ.

కూర్మమ్మది సుంగై సిపుట్ దగ్గర తోట. తాత శ్రీకాకుళం వైపు నుంచి ఓడెక్కి వచ్చాడట. ఆయనకి తెలిసిన లోకం ఏదో గానీ, ఆమెకి తెలిసిందల్లా రబ్బరు చెట్టు, బకెట్టు, కూలీల లైను ఇల్లు. పోరు మొదలయ్యాక ఆ లైను ఇళ్ళ చుట్టూ ముళ్ళకంచె వేశారు. అడవిలోవాళ్ళకి గింజ అందకూడదని సర్కారు పంతం. ఇళ్ళలో బియ్యం ఉంచుకోనివ్వరు, అందరికీ ఒకచోటే వండి పెడతారు. పనికి గేటు దాటే ప్రతి మనిషినీ తడిమి చూస్తారు. కొట్లో తీపిపాల డబ్బా కొంటే కొట్టువాడు మేకూ సుత్తీ తీసి, కళ్ళముందే దానికి చిల్లు పెట్టి ఇస్తాడు. చిల్లు పడ్డ డబ్బా నిలవుండదు కదా, దాన్ని అడవికి మోసినా లాభం లేదు. చిల్లు లేని డబ్బా చేతిలో కనబడిందా, జైలే.

ఆ చిల్లు వల్ల తోటలో పసివాళ్ళు తాగింది పాలు తక్కువ, చీమలు ఎక్కువ. కూర్మమ్మ కూతురు అచ్చమ్మ అప్పుడు పాలపిల్ల. తల్లికి పాలు ఎండిపోయాయి. చంటిది ఏడ్చి ఏడ్చి సొమ్మసిల్లుతుంటే చూడలేక తండ్రి పైడిరాజు పట్నం వెళ్ళినప్పుడు చిల్లు లేని డబ్బా ఒకటి సంపాదించి లుంగీ మడతలో పెట్టుకొచ్చాడు. దారిలో మాటాలు పట్టుకున్నారు. పోలీసుల్ని అక్కడ మాటాలంటారు. పైడిరాజు దొంగా కాదు, తిరుగుబాటుదారుడూ కాదు, వట్టి తండ్రి. ఏడాది పైచిలుకు నిర్బంధంలో ఉంచి వదిలారు. వదిలాక తోటలో పనివ్వలేదు. ఎక్కడో దక్షిణాన రైలు పట్టాల గ్యాంగులో చేరాడు. ఇంటికి రావడమంటే చుట్టపుచూపే.

కూర్మమ్మ పిల్లని చంకనేసుకుని కౌలాలంపూర్ వచ్చిపడింది. కమలాక్షి వెనక గది ఇచ్చింది. దాని కిటికీ తీస్తే రైలు పెట్టెలు కనబడతాయి, అరటిచెట్లు కనబడతాయి, ముళ్ళకంచె మాత్రం కనబడదు. అది చాలు ఆమెకి. ఈ గది పోతే దిక్కు అన్నగారి ఇల్లొకటే, అది మళ్ళీ ఆ కంచె లోపలే. అందుకే కమలాక్షి కూర్చోమన్నా కూర్చునేది కాదు. పిల్లల ముక్కులు తుడవడం కూడా దేవుడి విగ్రహం తుడిచినంత భయభక్తులతో చేసేది.

ఆగస్టు వచ్చింది. నెలాఖరుకి మెర్దెకా, దేశానికి స్వాతంత్ర్యం వచ్చేస్తోందని ఊరంతా రంగుకాగితాలు కడుతున్నారు. ఆ సంబరం పేరుతో బజారు వర్తకులు కొందరు పెద్దింటికి పాలడబ్బాలు పంపారు. ఒకటీ రెండూ కాదు, పెట్టెలకి పెట్టెలు. పసివాళ్ళకి నెలల తరబడి చూసుకోనక్కర్లేదు. లారీవాడు వాటిని వసారాలో దింపిన పూట కమలాక్షి ఇంట్లో లేదు. తల్లిని చూసి వద్దామని తెల్లారకుండానే బంటింగ్ ఊరెళ్ళే బస్సెక్కింది.

కూర్మమ్మ పెట్టె మూత ఊడదీసి ఒక డబ్బా చేతిలోకి తీసుకుంది. తిప్పి చూసింది. ఇంకోటి తీసింది. ఒక్కదానికీ చిల్లు లేదు.

గభాల్న రెండూ పెట్టెలో పెట్టేసి, మూత కప్పి వీధివైపు చూసింది. ఒక్క డబ్బాకే మొగుణ్ణి ఏడాది ఉంచారే, ఇన్ని డబ్బాలకి ఈ ఆడపిల్లని ఏం చేస్తారు? అసలే పేట పేటంతా చెవులు కొరుక్కుంటోంది. ఎవడో ఒకడు వెళ్ళి మాటాల చెవిన వేస్తే చాలు, కమలాక్షిని జీపెక్కిస్తారు, ఇంటికి తాళం వేస్తారు. పాపం ఆ పిల్లకి పుస్తకాల సంగతులు తెలుసు గానీ కంచె సంగతి ఏం తెలుసు? ఇంక ఆలోచించలేదు కూర్మమ్మ. మరమ్మతు సామాను మూలనుంచి మేకూ సుత్తీ పట్టుకొచ్చింది.

ఆ శ్రద్ధ చూసి తీరాలి. ఒక్కో డబ్బాకి రెండేసి చిల్లులు, గాలికొకటి, పాలకొకటి, అచ్చం తోట కొట్టువాడు పెట్టినట్టే. చెమట కళ్ళలోకి కారుతుంటే కొంగుతో తుడుచుకుంటూ పెట్టె తర్వాత పెట్టె కానిచ్చింది. ఆఖరి డబ్బా అయ్యాక గోడకి చేరగిలబడి హమ్మయ్య అనుకుంది. ఒక మనిషిని జైలు తప్పించానన్న తృప్తి అది, ఏం చెప్పమంటారు.

దొరసామి అప్పుడొచ్చాడు. రైలు వర్క్‌షాపులో ఫిట్టరు, పెద్దింటికి ఊరికే మరమ్మతులు చేసిపెట్టే పెద్దమనిషి. వసారాలో అడుగుపెట్టి డబ్బాలకేసి చూసి ఆగిపోయాడు.

"ఏటమ్మా ఇది?"

"సిల్లులెట్టినాను మావా. నేకపోతే అమ్మగోరిని మాటాలు అట్టుకుపోరేటి?"

దొరసామికి నవ్వాలో ఏడవాలో తెలీలేదు. "ఆ సట్టం తోటలకమ్మా. ఈ ఊర్లో ఎవులూ సిల్లులెట్టరు. డబ్బా ఎలాగ కొంటామో అలాగే దాసుకుంటాం."

"నిజంగానేటి?"

"మా ఇంట్లో ఉన్నాయి, ఒచ్చి సూసుకో."

కూర్మమ్మ వెళ్ళి చూడలేదు. డబ్బాలకేసి తిరిగింది. అప్పటికే ఒకదాని మీదికి చీమల బారు ఎక్కుతోంది. గదిలోకి పోయి తన రెండు చీరలూ అచ్చమ్మ గౌన్లూ మూటకట్టి తలుపు పక్కన పెట్టింది. పొమ్మనేదాకా ఉండడమెందుకు అనుకుంది. కానీ చెప్పకుండా పోవడానికి మనసొప్పలేదు.

మధ్యాహ్నం బస్సుకి కమలాక్షి వచ్చింది. ఒక డబ్బా చూసింది, పది చూసింది, కుర్చీలో కూర్చుండిపోయింది.

"ఎవరు చేశారిది?"

"నానే అమ్మగోరూ."

కోపం వచ్చింది కమలాక్షికి. రాదా మరి? ఆ పాల కోసం ఎన్ని కొట్ల మెట్లెక్కిందో, ఎవరెవరి చేత ఏమేం మాటలు పడిందో ఆమెకే తెలుసు. "నన్నొక్క మాట అడక్కూడదా అక్కా? రెండు రోజులు పోతే ఇవి పారబోయాలి. పసివాళ్ళ నోటి దగ్గర తిండి కదా ఇది."

కూర్మమ్మ తలెత్తలేదు. "ఒక్క డబ్బాకే మా ఆయన్ని అట్టుకుపోనారు. మీరు సిన్నపిల్ల. మిమ్మల్ని అట్టుకుపోతే నాను సూడ్నేను. అందికే సేసినాను. నానెల్లిపోతాను అమ్మగోరూ. ఈ రాత్రికి మాత్రం పిల్లని ఉండనియ్యండి."

కమలాక్షి డబ్బా ఒకటి తీసుకుని చిల్లు మీద బొటనవేలు పెట్టింది. "మా నాన్న తోటలో కొట్టువాడు చిల్లు పెడుతున్నాడో లేదో చూసే పని నాన్నదే అక్కా," అంది. "మా ఇంటికొచ్చే డబ్బాలకి మాత్రం చిల్లుండేది కాదు. ఎందుకని నేనెప్పుడూ అడగలేదు."

అప్పటిదాకా గుమ్మంలో నిలబడి వింటున్న దొరసామి కల్పించుకున్నాడు. "మాటలు తరవాత సెప్పుకోవచ్చు. పాలు మాటలు ఇనవు గదా. ఇన్ని పాలు ఏటి సేద్దాం?"

"సగ్గుబియ్యం ఏసి పాయసం కాసేద్దాం," అంది కూర్మమ్మ, తనని అడిగింది కాకపోయినా. వంటమనిషి నోరు ఊరుకోదు. "పేటందరికీ పోసేద్దాం."

దొరసామి గుడి నుంచి అండాలు దొర్లించుకొచ్చాడు. ఆ పూట పిల్లల వాడకానికని కాసిని డబ్బాలు ఉంచుకుని మిగతా పాలన్నీ వంచేశారు. పెరట్లో పెద్ద పొయ్యి రాజుకుంది. ఏలకుల వాసన రేకుల ఇళ్ళ మీదుగా పోతే ఎవరాగుతారు? ముందు పిల్లలొచ్చారు. పిల్లల్ని తిట్టడానికి తల్లులొచ్చారు. తిట్టడానికి వచ్చినవాళ్ళ చేతుల్లో గ్లాసులు ఎందుకున్నాయో వాళ్ళనే అడగాలి.

ఎప్పుడూ పెద్దిల్లు చూసి వీధి అవతలి పక్కకి దాటిపోయే పాపాయి అనే ఆవిడ కూడా వచ్చింది. పెరట్లో గుట్టగా పడున్న ఖాళీ డబ్బాల దగ్గర ఆగి ఒకటి తీసింది. చిల్లులో వేలు పెట్టి చూసింది.

"ఎవులు సేసినారు ఇది?"

"నానే," అంది కూర్మమ్మ.

"ఏ తోట మీది?"

"సుంగై సిపుట్ కాడ."

"మాది కాజంగ్ కాడ," అని పాపాయి నేలమీద చతికిలబడి కళ్ళు తుడుచుకుంది. వెనకనుంచి ఒక తమిళావిడ తన తోట పేరు చెప్పింది. సర్కారు అడవి అంచు నుంచి లేపి కంచెలోకి తోసిన ఊళ్ళోంచి వచ్చిన చీనా ముసలమ్మ ఒకామె, ఒక్క ముక్క అర్థం కాకపోయినా, డబ్బా ఎత్తి పట్టుకుని పిడికిలితో మేకు కొట్టినట్టు చూపించింది. ఆడవాళ్ళంతా ఒక్కసారిగా నవ్వారు. ఆ నవ్వు ఎంతకీ ఆగలేదు. అన్నేళ్ళ భయం ఆ పెరట్లో నవ్వయి బయటికొచ్చింది.

"ఈళ్ళు సర్కారు మనుసులయితే సర్కారు సట్టం తెలదేటి?" అంది పాపాయి రెండో గ్లాసు తాగుతూ. "ఇలాటి ఎర్రిపని మనోళ్ళే సేస్తారు." పేటకి ఆ రుజువు సరిపోయింది. మెర్దెకా పాయసం ముందుగానే తాగేశాం, ఇంక మెర్దెకా రాకపోయినా పర్లేదని దొరసామి హాస్యమాడాడు.

పొద్దు వాలుతుండగా కూర్మమ్మ అండాలు తోమి బోర్లించింది. మూట ఇంకా తలుపు పక్కనే ఉంది. కమలాక్షి ఉండమనీ అనలేదు, పొమ్మనీ అనలేదు. ఇంతలో ఆమే పాయసం పోసి మూతపెట్టిన చెంబొకటి తెచ్చి చేతికిచ్చింది.

"వెనక వీధిలో ఒకావిడ పురిటి మంచం మీదుంది, రాలేకపోయింది. ఇచ్చేసి త్వరగా వచ్చెయ్యక్కా. రేపటినుంచి తమ పిల్లల్నీ పంపుతామని చాలామంది చెప్పారు. నువ్వు లేకపోతే నావల్ల కాదు."

"రేపా అమ్మగోరూ?"

"రేపూ, ఎల్లుండీ. అలాగే ఆ అమ్మగోరు మానెయ్. కమలా అను."

కూర్మమ్మ చెంబు పట్టుకుని గేటు దాకా వెళ్ళి ఆగింది. ఆ ఊరొచ్చాక తిండి చేతపట్టుకుని గేటు దాటడం అదే మొదలు. చెంబు కింద పెట్టింది. కొంగు విదిలించి చూపించింది. తోటలో గేటు దగ్గర రోజూ చేసినట్టే రెండు చేతులూ పక్కలకి చాపి, తన ఒంటిని తడిమి చూడబోయే ఆడపోలీసు కోసం కళ్ళు మూసుకుని నిలబడింది.

ఎవరూ రాలేదు. వీధిలో సైకిలు గంట ఒకటి మోగుకుంటూ పోయింది.

కూర్మమ్మ కళ్ళు తెరిచింది. చాపిన చేతులు చూసుకుని తనలో తనే గట్టిగా నవ్వేసింది. నవ్వుతుంటే ఏడుపొచ్చింది, అదీ ఆపుకోలేదు. తర్వాత చేతులు దించి, చెంబు ఎత్తుకుని, పాయసం చల్లారిపోతుందని గబగబా గేటు దాటి నడిచింది.