నూకాలమ్మ విన్న నవల

1998లో నేను పోర్ట్ బ్లెయిర్‌లో ఒక చిన్న ప్రెస్‌లో డీటీపీ ఆపరేటర్‌ని. డీటీపీ అంటే రాతప్రతిని కంప్యూటర్‌లో టైపు చేసి, అచ్చుకు పేజీలు సిద్ధం చేయడం. చర్చిలో తెలుగు బైబిలు చదువుతూ పెరిగినదాన్ని కాబట్టి తెలుగు పనులన్నీ నాకే వచ్చేవి. ఎక్కువగా శుభలేఖలే. నవల మాత్రం ఒక్కటే వచ్చింది.

రాసింది సరిత. ఊళ్లోనే హాడో పేటలో హిందీ టీచరు. అప్పటికే హిందీలో రెండు నవలలు అచ్చయ్యాయి. పుట్టింది మాత్రం తెలుగు జాలరి ఇంట్లో. తండ్రి వేటకెళ్లి తిరిగిరాని ఏడాది, తల్లి నూకాలమ్మ ఆరేళ్ల సరితను పిల్లలు లేని ఒక హిందీ దంపతులకు పెంపకానికిచ్చింది. బదిలీ అయి వాళ్లు ఆమెను కలకత్తా తీసుకెళ్లిపోయారు. పెద్దయ్యాక సరిత ఇక్కడే ఉద్యోగం వెతుక్కుని వచ్చి తల్లిని కలుసుకుంది. మూడో నవల ఆ కథే.

"దీదీ, అమ్మకి హిందీ చదవడం రాదు, నాకు తెలుగు రాయడం రాదు. మీరే తెలుగులోకి మార్చండి. అచ్చుకు ముందు అమ్మ వినాలి," అంది.

"మీరే చదివి చెప్పొచ్చు కదా?"

"ముఝ్‌సే నహీ హోగా, దీదీ. నా వల్ల కాదు."

అచ్చుకు ముందు తప్పులు చూసుకోవడానికి తీసే కాగితాలను ప్రూఫ్ అంటాం. ఆదివారం ప్రార్థన అయ్యాక ఆ ప్రూఫులు పట్టుకుని బస్సులో ప్రోతరాపూర్‌లోని నూకాలమ్మ ఇంటికి వెళ్లేదాన్ని. నూకాలమ్మకు కళ్లలో శుక్లాలు. గడప మీద కూర్చుని ఎండుచేపలు తడిమి ఏరుకుంటూ వినేది.

నాలుగో వారం జెట్టీ ఘట్టం వచ్చింది, రేవులో బిడ్డను కలకత్తా ఓడ ఎక్కించిన రోజు. 'అమ్మ కంట్లో చుక్క నీరు లేదు. ఓడ కదలకముందే వెనక్కి తిరిగి వెళ్లిపోయింది' అని చదివాను. ఆమె చేయి ఆగిపోయింది.

"నానేడవనేదని ఎవులు సెప్పినారమ్మా దానికి? నానేడిత్తే అది ఓడెక్కదు. అందుకే గోదాం ఎనక్కి పోనాను. నోట్లో కొంగు కుక్కుకుని, ఓడ కానరాకుండా పోయేదాకా ఆడే ఉన్నాను."

కూతురికి చెప్పమని ఆమె అనలేదు. వద్దనీ అనలేదు. మర్నాడే సరితకు చెప్పేశాను.

"మూడేళ్లుగా ప్రతి వారం వెళ్తున్నా. నాకెప్పుడూ చెప్పలేదు. మీకెందుకు చెప్పింది?"

ఆ సాయంత్రమే వెళ్లి తల్లిని అడిగింది. "అదేటీ నేదు. నువ్వు రాసిందే నిజం," అందట నూకాలమ్మ. ఎందుకలా అందో నాకిప్పటికీ తెలియదు. బిడ్డ రాసింది తప్పనడానికి నోరు రాలేదేమో.

"నా మీద జాలిపడి కల్పించారు కదా దీదీ," అంది సరిత. నవల ఉన్నది ఉన్నట్టే అచ్చయింది. ఆ తర్వాత ఎదురుపడితే నమస్తే తప్ప మరో మాట లేదు.

రెండేళ్లకు వానాకాలంలో నూకాలమ్మ పోయింది. దినాలు అయ్యాక సరిత ప్రెస్‌కు వచ్చి నా బల్ల ముందు కూర్చుంది.

"ఆ రోజు అమ్మ ఏమంది? మీ మాటల్లో వద్దు. తను ఎలా అందో అలాగే."

చెప్పాను.

"ఔర్ ఏక్ బార్."

మళ్లీ చెప్పాను. ఈసారి మధ్యలో ఆపి, "ఏ గోదాం?" అంది.

నేను ఆ వేళ అది అడగలేదు. ఇక చెప్పేవాళ్లూ లేరు. సరిత లేచి వెళ్లిపోయింది.

ఆ తర్వాత కూడా ఎవరెవరో తమ ఇంటి కథలు రాసి తెచ్చారు. ఇంట్లోవాళ్లకు చదివి వినిపించమంటే, రాసినవాళ్లు పక్కన కూర్చుంటేనే కాగితం తీశాను. కూర్చోలేమన్నవాళ్ల ప్రతులు తిరిగి ఇచ్చేశాను.