సోమసుందరం గారి మామిడి వరుగులు

మాదాపూర్ మలుపులో షేర్ ఆటో గుంతలో పడ్డప్పుడు సోమసుందరం గారు సంచీతో సహా బయటికి జారిపడి వాననీటిలో కూర్చున్నారు. లేచి, డ్రైవరుకి నమస్కారం పెట్టి, సాఫ్ట్‌వేర్ ఆఫీసుకి నడిచారు. ఆ రోజు కొత్త ఉద్యోగులకు ఇంగ్లీషు చెప్పే ట్రయల్ క్లాసు. నచ్చితేనే ఆయనకు ఉద్యోగం. ఉత్సాహం వస్తే ఆయన మునివేళ్ల మీద లేస్తారు, కళ్లజోడు నుదుటికెక్కుతుంది. ఇప్పుడు క్లాసు ముందు నిలబడగానే రెండూ జరిగాయి. "డెసికేట్! లాటిన్‌లో సిక్కస్ అంటే పొడి. ముందున్న 'డె' పూర్తిగా అని చెబుతుంది. చొక్కా ఆరితే డ్రై అండీ. లోపలి తడి చుక్కైనా మిగలకుండా ఎండితే డెసికేట్. మన ఇళ్లలో వరుగులు లేవూ, అచ్చం అవే!" అంటూ, సొంత చొక్కా నుంచి నేల మీద నీళ్లు కారుతుండగా, సంచీలో చెయ్యి పెట్టారు.

వేసవిలో భార్య ఎండబెట్టిన మామిడి వరుగులు ఉబ్బి, మెత్తబడి, వేళ్లకు అంటుకుంటూ బయటికొచ్చాయి. క్లాసంతా గొల్లున నవ్వింది. ఉద్యోగం సంగతి తేల్చాల్సిన మేనేజర్ సంధ్య కూడా నవ్వాపుకుంటూ, "ఏంది సార్, ఎండినయి చూపిస్తనని గిట్ల నీళ్లు కారేటివి తెచ్చిన్రు?" అంది. సోమసుందరం గారు ఒక్కో ముక్కనూ కిటికీ గట్టు మీద శ్రద్ధగా పేర్చి, కళ్లజోడు దించుకుని అన్నారు: "ఇవి ఎండేదాకా నన్ను రోజూ రానివ్వండి మేడం, అప్పుడు చూపిస్తాను."