కిటికీ పక్క బల్ల

"...అదే చెబుతున్నా తల్లీ, ఆ బల్ల దగ్గర ఎవరూ కూర్చోరు. చుట్టూ కూర్చుంటారు. ఒక్కో బల్లకి ఒక్కో ముసలిప్రాణం, ఒక్కో టీకప్పు."

విల్ఫ్ కాలు స్టూలు మీదికి చాపాడు. పుండుకు కట్టు మార్చడానికి వారంవారం ఇంటికి వచ్చే నర్సు బ్రయొనీ, పాత కట్టు విప్పుతూ ఆవులింత ఆపుకుంది. పొద్దుటినుంచి ఎన్ని కాళ్లు చూసిందో! ఇంకా కొన్ని మిగిలే ఉన్నాయి.

"ఏ బల్ల?"

"హాలిఫాక్స్ లైబ్రరీలో టీ అమ్ముతారు చూడు, అక్కడ. కిటికీ పక్క బల్ల మీద 'కబుర్లు కావాలంటే ఇక్కడ కూర్చోండి' అని అట్ట నిలబెట్టారు."

భార్య మ్యూరియల్ పోయాక విల్ఫ్‌ నోట మాట వచ్చేది బస్సు దిగుతూ డ్రైవరుకి థాంక్స్ చెప్పినప్పుడే. తనూ ఒకప్పుడు బస్సు డ్రైవరే.

"అక్కడ కూర్చుంటే నాకెవరూ లేరని చాటింపు వేసుకున్నట్టే కదా! చలికాలమంతా పక్క బల్ల దగ్గరే గడిపా. మొన్న గురువారం తెగించా. టై కూడా కట్టుకున్నా."

"టై కూడానా!"

"నవ్వకు. 'డ్రైవరుతో మాట్లాడరాదు' అన్న బోర్డు కింద బతుకంతా లాక్కొచ్చినవాణ్ణి. నాకేం తెలుసు పద్ధతులు?"

"సరే, ఎవరైనా వచ్చారా?"

"వచ్చింది. ఊదారంగు టోపీ ఆవిడ. రోజూ హీటరు పక్కన కూర్చుంటుంది. మెల్లగా దగ్గి, 'ఇక్కడ కూర్చుంటే మీకేం ఇబ్బంది లేదు కదండీ?' అంది."

"మీరేమన్నారు?"

విల్ఫ్ చెవులు ఎర్రబడ్డాయి. "'అయ్యో, క్షమించండి, కూర్చోండి, నేను వెళ్లిపోతున్నా' అని లేచి వచ్చేశా."

"విల్ఫ్ గారూ!"

"నోటికి అదే అలవాటు, ఏం చెయ్యను? టీ ఇంకా పొగలు కక్కుతూనే ఉంది. బయట వానలో నిలబడి అద్దంలోంచి చూశా. ఆ అట్ట ముందు పాపం ఒక్కతే కూర్చుని ఉంది. తన దగ్గర వాసన వచ్చి నేను లేచిపోయాననుకుందేమో, తన కోటు తనే వాసన చూసుకుంటోంది."

ఈసారి బ్రయొనీ నవ్వలేదు. కొత్త కట్టు బిగించి, చేతులు కడుక్కుని, సంచీ భుజానికి తగిలించుకుంది.

"ఆవిడ మళ్లీ వస్తుందంటారా?"

"తెలీదు. గురువారం నీకు సెలవు కదూ?"

"అవును. నిద్రపోతా."

"పదకొండింటికల్లా లేస్తావుగా? లైబ్రరీకి రా. ఆ నీలం యూనిఫాం మాత్రం వద్దు, నన్ను రోగిష్టివాడనుకుంటుంది. నన్ను కిటికీవైపు కూర్చోబెట్టి నువ్వు ఇవతల అడ్డంగా కూర్చో. ఆవిడ వచ్చినప్పుడు నేను లేవబోతే కదలకు, అంతే."