పడవవాడి మంచినీళ్లు

బర్మాలో మేముండే అహ్లోన్ పేటలో మా వాటాకు రోజుకు నాలుగు గంటలు కరెంటు వస్తే పండగే. ఆ కరెంటంతా ఒక జపాను ఆటకే ధారపోశాను. చేతిలో పట్టే పాత గేమ్ మిషను మీద ఆడే కథ అది. వరదలో కొట్టుకుపోయిన తన ఊరిని వెతుక్కుంటూ ఒక పిల్ల పడవలో తిరుగుతుంటుంది. జపాను వెళ్లి పని చేద్దామని ఆ భాష నేర్చుకున్నాను. వెళ్లడం కుదరలేదు, భాష మిగిలింది. ఎవరూ అడక్కుండానే ఆ ఆటను బర్మా భాషలోకి మార్చాను. ఇంట్లో తెలుగే మాట్లాడినా, మా చెల్లికి చదవడం వచ్చింది బర్మా భాషలోనే.

చెల్లి ఊరి చివర లైంగ్‌థార్యార్‌లో బట్టల ఫ్యాక్టరీలో కాలర్లు కుట్టేది. ఒకనాడు సూదిలో దారం ఎక్కించలేకపోయింది. చూపుకు సరిగ్గా నడిమధ్య మచ్చ ఉందనీ, అది పెరుగుతుందనీ, ఆపే మందు లేదనీ డాక్టరమ్మ చెప్పింది. పని పోయింది. ఆట నేను చదివి వినిపిస్తానంటే చెల్లి మండిపడింది.

"నువ్వు సదవొద్దప్పా. ఇదొక్కటీ నా కళ్లతోటే పూర్తి సేత్తాను."

అక్కను మావాళ్లు అప్ప అంటారు. అప్పనైనందుకు అక్షరాలు పెద్దవి చేశాను. బర్మా అక్షరాలూ మన వాటిలాగే గుండ్రటివి, మసక కళ్లకు అన్నీ సున్నాలే. తెర మీద మాటలు పడే గడి మాత్రం పెరగదు. ఒక్క అక్షరం ఎక్కువైనా ఆట బిగుసుకుపోతుంది. అందుకని మాటలు కోశాను. రెండు నెలలకు మళ్లీ కనిపించడం లేదంది. మళ్లీ పెద్దవి చేసి మళ్లీ కోశాను. గోరుచుట్టు మీద రోకటిపోటులా, మధ్యలో కరెంటు పోయి చేసిందంతా చెరిగిపోయేది. ఆ మచ్చతో పందెం కట్టిన పిచ్చిదాన్ని నేను. ఏడుస్తూనే కోసేదాన్ని.

ఆటలో ఎటు వెళ్లాలన్నా ఒక రేవు దాటాలి. అక్కడో ముసలి పడవవాడు ఉంటాడు. నేను మొదట రాసినప్పుడు అతని మాటలివి: "ఈ నీళ్లు తాగకమ్మా, ఉప్పు. మా ఆవిడ కుండలో మంచినీళ్లు పెట్టింది, తాగి వెళ్లు." కోస్తూ కోస్తూ అది "ఇక్కడ తాగకు" అయింది. చెల్లి ఆ రేవుకు చేరేసరికి "వద్దు" ఒక్కటే మిగిలింది.

మొన్న ఆదివారం మధ్యాహ్నం చెల్లి ఆ మిషను తెచ్చి నా ఒళ్లో పెట్టింది. ఇక ఆ ఒక్క మాటా కనిపించడం లేదు. ఆట ఇంకా సగంలోనే ఉంది.

"నువ్వే సదువు. మీటలు నాను నొక్కుతాను."

పెద్దక్షరాలతో ఇక పనేముంది? ఏమీ కోయని మొట్టమొదటి కాపీ పెట్టి, ఆట మొదటినుంచి మన తెలుగులో చెప్పుకుంటూ పోయాను. పడవవాడి దగ్గర చెల్లి వేలు ఆగింది.

"మంచినీళ్లు ఇచ్చినాడేటి? నన్ను పొమ్మంటన్నాడనుకున్నాను. ఆ రేవుకాడికి ఎల్లినప్పుడల్లా ఆడిని తిట్టుకున్నాను గదే! ఈ మాటలన్నీ నాకెందుకు దాసేసినావప్పా?"

నాకు ఏడుపు ఆగలేదు. చెల్లి మళ్లీ మీట మీద వేలు పెట్టింది.

"ఏడిసింది సాలు. తరవాత ఏటన్నాడో సదువు. ఒక్క ముక్కా కొయ్యకు."