లచ్చయ్య మామ చూసిన గుడి

మొన్న మా మనవరాలు తన పసిబిడ్డకు ఒళ్లు రుద్దడానికి కొత్త సీసా మూత తీసింది. గదంతా ఒక వాసన పరుచుకుంది. పచ్చి ఆకును అరచేతిలో నలిపితే వచ్చే వాసన, దాని వెనకే సన్నగా చేదు. ఏం నూనె అని అడిగితే ఆలివ్ నూనె అంది. నా జన్మలో అంతకుముందు ఆ నూనెను చూడలేదు, ముట్టలేదు. అయినా ఆ వాసన నాకు తెలుసు. మెట్‌పల్లిలో మా పక్కింటి లచ్చయ్య మామ మగ్గం గుంటలో కూర్చుని, దాన్ని నాకు మాటల్లోనే చూపించాడు. అప్పటికి నాకు ఇరవై ఏళ్లయినా నిండలేదు.

పోలీస్ యాక్షన్ జరిగిన కొన్నేళ్లకు నేను మెట్‌పల్లికి కోడలిగా వచ్చాను. మాదీ సాలెవాళ్ల ఇల్లే. మా ఇంటికీ లచ్చయ్య మామ ఇంటికీ నడుమ ఒకటే గోడ. ఊళ్లో ఆయన్ను మిల్ట్రీ లచ్చయ్య అనేవారు. పెద్ద యుద్ధంలో పల్టన్‌లో చేరి, సముద్రాలు దాటిపోయి, తిరిగొచ్చి మళ్లీ మగ్గం మీద నాడె పట్టుకున్న మనిషి. చలికాలం వస్తే మోచేతుల దగ్గర చిరిగిన ఖాకీ స్వెట్టర్ తొడుక్కుని నేసేవాడు. భార్య రాజవ్వత్త ఆయన నాడెలో పెట్టే నూలు కండెలు చుట్టేది. ఆ ఇంట్లో నేనెన్నడూ కొట్లాట వినలేదు. మాటలూ వినలేదు. ఆమె గిన్నె ముందు పెట్టేది, ఆయన తినేవాడు. ఆయన చెయ్యి చాచేవాడు, ఆమె కండె అందించేది. వాళ్లకు పిల్లల్లేరు.

నేనూ ఆ రోజుల్లో నోరు కట్టేసుకునే ఉన్నాను. ఏడో తరగతి పాసై టీచర్ ట్రైనింగుకు పోవాలని ఆశపడ్డదాన్ని. పెళ్లయ్యాక ఆ మాట ఎత్తితే మా అత్తగారు గయ్యిమన్నారు. నా భర్త నారాయణ అక్కడే నిలబడి, తల వంచుకుని కాలి వేలితో నేల రాశాడే తప్ప ఒక్క మాట అనలేదు. ఆనాటి నుంచి ఆయనతో నావి అన్నం, నీళ్లు, బట్టల మాటలే. ఇది ఎవరూ కనిపెట్టలేదనుకున్నాను. లచ్చయ్య మామ కనిపెట్టాడు.

ఒక అంగడి రోజున పడుగు దారం అడగడానికి వాళ్లింటికి పోయాను. మామ ఒక్కడే ఉన్నాడు. ఊరికే నిలబడలేక, యుద్ధంలో ఏ దేశం చూశావు మామా అని అడిగాను. ఆయన వాకిలి వైపు ఒకసారి చూశాడు.

"మీ అత్త అంగడికి పోయింది గదా. కూసో బిడ్డా. సైప్రస్ అని సముద్రం నడుమ ఒక దేశం. మాది ఖచ్చర్ల పల్టన్, అంటే కంచరగాడిదలు. ఖచ్చర్ల మీద సామాన్లేసుకొని గుట్టలెక్కుడే మా పని. ఒకపారి ఒక పల్లె కాడ డేరాలేసిన్రు. ఆడ ఒక గుడి ఉన్నది. గుడి అంటే ఏం లేదు, మనిషెత్తు రాళ్లు, పడిపోయిన గోడలు. కింద సముద్రం కనవడ్తది."

"ఏ దేవుని గుడి మామా?"

ఆయన నాడె పక్కన పెట్టాడు. కొంచెం సిగ్గుపడ్డట్టు కనిపించాడు. "ప్రేమకు."

నాకు నవ్వొచ్చింది. ఆయన నవ్వలేదు.

"నేను గూడ నవ్విన. ఆ ఊరి పంతులుకు ఇంగ్రేజి అచ్చు, మా హవల్దారుకు అచ్చు. హవల్దారు ఉర్దూల జెప్తే ఇన్న. ఎనుకటి గ్రీకోళ్లు కట్టిన్రట. వానకు మొక్కుతం, పిల్లలకు మొక్కుతం, రోగం పోవాల్నని మొక్కుతం. వాళ్లు ప్రేమకు గూడ ఒక దేవతను వెట్టుకున్నరు. సముద్రం నురగలకెళ్లి పుట్టిందట. ఆ గుళ్లె బొమ్మ లేదు బిడ్డా. మన పోశమ్మ తీరు ఒక నల్లరాయి, గంతే. ఓడలెక్కి ఎక్కడెక్కడి జనమో అచ్చి మొక్కేటోళ్లట. ఇప్పుడా దేవత లేదు, వాళ్లంత ఏసు మతమోళ్లే. అయినా ఆడోళ్లు అచ్చి ఆ పడిపోయిన రాళ్లకు నూనె రాస్తరు. పచ్చి ఆకు నలిపినట్టుంటది ఆ నూనె వాసన."

ఒక ముసలావిడ ఆయన చేతిలో కూడా నూనె పోసిందట. రాయికి రాయమని సైగ చేసిందట. రాస్తూ ఉంటే ఆయనకు రాజవ్వత్త గుర్తొచ్చింది. పెళ్లయిన కొత్తలో నూలు దొరక్క మగ్గం ఆగిపోయింది. ఇంట్లో తగాదా అయింది. ఆమెకు చెప్పకుండా సికింద్రాబాద్ పోయి భర్తీ అయిపోయాడు. ఆమె కడుపుతో ఉన్న సంగతి ఆయనకు తెలియదు.

"తిరిగి పోంగనే అన్ని చెప్పుకుంట, చెప్పకుంట పోయినందుకు తప్పయిందంట అని ఆ రాయి మీద చెయ్యి వెట్టి మొక్కిన. ఇంటికచ్చేసరికి ఆడపిల్ల పుట్టింది, పోయింది గూడ. ఊరోళ్లు జెప్తే తెల్సింది, నేను మొకం జూడలే. గా పిల్ల ముచ్చట రాజవ్వ ఎత్తలే, నేను ఎత్తలే. గట్లనే ఏండ్లు గడిచినయి."

"ఇప్పుడన్నా అత్తకు చెప్పు మామా," అన్నాను.

"చెప్త తియ్యి. ఇంత పని ఒత్తిడి పోనీ," అని మళ్లీ నాడె అందుకున్నాడు.

పని ఒత్తిడి ఎప్పుడూ పోలేదు. దసరాకు చీరల పని, ఆ తర్వాత పెళ్లిళ్ల పని. నేను ఆయన వైపు చూస్తే కళ్లు తిప్పుకునేవాడు. మరి రెండేళ్లకు రాజవ్వత్తకు జ్వరం పట్టుకుని విడవలేదు. బస్సులో కరీంనగర్ పెద్ద దవాఖానకు తీసుకుపోయాం. ఆడతోడు కావాలని నేను వెంట ఉన్నాను. ఒక మధ్యాహ్నం మామ పాలు తేవడానికి బయటికి పోగానే ఆమె నా చెయ్యి పట్టుకుంది.

"మీ మామ నీకు గా గుడి ముచ్చట జెప్పిన నాడు నేను తడక ఆవల్నే ఉన్న. అంగడికి పోతుంటే కాలు నొచ్చి ఎనుకకచ్చిన."

నేను ఆమె వైపు వంగాను. "అంతా విన్నావా అత్తా?"

"పిల్ల ముచ్చట గూడ ఇన్న. మొక్కిండని ఇన్న. నాకు జెప్తడని జూసిన. ఇయ్యాల జెప్తడు, రేపు జెప్తడు అని కండెలు సుట్టుకుంట కూసున్న. నేనే అడుగుదునా అంటే, చాటుకు ఇన్నదని సిన్నవోతడేమో అనుకున్న. అడిగితే అయిపోతుండె గదనే."

మామ పాలు పట్టుకుని వచ్చాడు. వాళ్లిద్దరినే ఉంచాలని నేను వరండాలోకి పోయి చాలాసేపు నిలబడ్డాను. తలుపు దగ్గరకు వచ్చేసరికి, "ఇంకొంచెం తాగు," అంటున్నాడు. ఆమె తల ఊపుతోంది. అంతే. మరునాడు పొద్దున్నే ఆమె పోయింది. మానేరు ఒడ్డున దహనం చేసి, ఇద్దరమే బస్సెక్కి మెట్‌పల్లికి తిరిగి వచ్చాం. దారి పొడుగునా ఆయన పక్కనున్న ఖాళీ సీటు మీద చెయ్యి పెట్టి కూర్చున్నాడు.

ఆ తర్వాత నా భర్తకు బెల్లంపల్లి బొగ్గుబాయిలో పని దొరికింది. ఆయన పెట్టె తీసుకుని బయలుదేరిన రోజు నేను పొయ్యి దగ్గర నుంచి లేవలేదు. లచ్చయ్య మామ ఎప్పుడూ లేనిది మా వంటింటి గడప దాకా వచ్చాడు.

"బిడ్డా, మొగడు బాయిల దిగవోతుండు. నీ మనసుల ఏమున్నదో చెప్పినవా?"

"ఆయన అడగలేదు మామా."

"రాజవ్వ గూడ అడుగలే," అన్నాడు. వాకిలి వైపు చెయ్యి చూపించాడు. "లే. ఉరుకు. బస్సు ఇంక కదల్లే."

కొంగు బిగించి పరుగెత్తాను. నారాయణ అప్పటికే బస్సు మెట్టు మీద కాలు పెట్టాడు. జనమంతా చూస్తుండగానే అనేశాను. "ఆనాడు మీ అవ్వ ముందట నువ్వు నోరు మెదపలే. గది నాకు ఇంక నొస్తనే ఉన్నది."

ఆయన మెట్టు దిగాడు. కండక్టర్ అరుస్తున్నా పట్టించుకోలేదు. బస్సు వెళ్లిపోయింది. "నాకు ఎరుకనే. ఎట్ల ఎత్తాల్నో తెల్వలే," అన్నాడు. పెట్టె కింద పెట్టి, "ట్రైనింగు జగిత్యాలల ఉంటదా, కరీంనగర్లనా?" అని అడిగాడు. సాయంత్రం బస్సుకు ఆయన బెల్లంపల్లి పోయాడు. మరుసటేడు నేను ట్రైనింగుకు పోయాను. మా అత్తగారికి ఆయనే చెప్పి ఒప్పించాడు.

ట్రైనింగులో చరిత్ర పుస్తకం తిరగేస్తుంటే మామ చెప్పిన దేవత కనిపించింది. పేరు అఫ్రోడైటి. కోరింథ్ అనే ఊళ్లో కొండ కొసన ఆమెకు గుడి ఉండేదట. నిడోస్ అనే చోట, ఏ పక్క నుంచి చూసినా దేవత కనిపించేలా గుడిని అన్ని వైపులా తెరిచి ఉంచారట. సెలవులకు ఇంటికి రాగానే మామ దగ్గర కూర్చుని ఇవన్నీ చెప్పాను. ఆయన మగ్గం ఆపి విన్నాడు. "గివి రాజవ్వ ఇంటే ఎంత సంబురపడునో," అన్నాడు.

అంతదాకా నాలో నేనే తర్కించుకుంటూ వచ్చాను. ఆమె విన్నదని చెబితే ఆయనకు ఊరటో, పుండు మీద కారమో తేల్చుకోలేకపోయాను. ఆ మాట విన్నాక ఇక ఆగలేదు. తడక వెనక నుంచి ఆమె విన్న సంగతి, దవాఖానలో నాతో అన్న మాటలు, అన్నీ చెప్పేశాను.

ఆయన మొహం చేతుల్లో దాచుకున్నాడు. ఆ చేతుల చాటు నుంచే అడిగాడు. "అన్ని ఇన్నదా? పిల్ల ముచ్చట గూడనా?"

"విన్నది మామా."

"గట్లయితే నేను చెప్పినట్టే గదా బిడ్డా?"

"ఔను మామా. చెప్పినట్టే."

ఆయన తల అడ్డంగా ఊపాడు. "గాదు. నేను చెప్తే అది నాతోని ఏమంటుండెనో. గది నాకు ఎన్నటికి తెల్వది."

ఆయన పోయి చాలా ఏళ్లయింది. నారాయణా పోయాడు. మేము ఆ తర్వాత ఎన్నోసార్లు పోట్లాడుకున్నాం, కానీ చెప్పుకోకుండా ఏదీ మింగలేదు. నేను చదువు చెప్పిన పిల్లలైనా, కన్న పిల్లలైనా, ఎవరైనా మాట సగంలో ఆపి లేచిపోబోతే చెయ్యి పట్టుకుని కూర్చోబెడతాను. జవాబు చెప్పగలిగిన మనిషి ఎదుట ఉండగానే చెప్పుకొమ్మంటాను.